తెర మీద ఆడవాళ్లు, ఆడపిల్లలు: తరచుగా అడిగే ప్రశ్నలు

ఇంట్లో రోజూ సీరియల్ చూసేవాళ్లు, కాలేజీలో మీడియా పాఠం చెప్పేవాళ్లు, సినిమా అవకాశాల కోసం హైదరాబాద్ కృష్ణానగర్‌లో రూమ్ తీసుకుని స్క్రిప్ట్ రాసుకునేవాళ్లు ఎక్కువగా అడిగే ప్రశ్నలు ఇవి. ఏ సినిమా మంచిది, ఏది చెడ్డది అని మార్కులు వేయడానికి ఈ పేజీ పనికిరాదు. ఏం చూడాలి, ఎలా లెక్కపెట్టాలి, అభ్యంతరం ఉంటే ఎవరికి రాయాలి అన్నంతవరకే.

ఒక సినిమాలో ఆడవాళ్లని ఎలా చూపించారో తేల్చాలంటే ముందు ఏం చూడాలి?

బట్టలు కాదు. చాలామంది అక్కడే మొదలుపెట్టి అక్కడే ఆగిపోతారు. ముందు అడగాల్సినవి మూడు. ఈ సీనులో ఆమెకి ఏం కావాలి? ఆ మాట తన నోటితో చెప్పిందా? ఆమె చేసిన పని వల్ల తర్వాతి సీను మారిందా?

మన సినిమాల్లో పదేపదే కనిపించే పెళ్లి గొడవ సీను తీసుకోండి. హాల్లో తండ్రి, అన్న, మేనమామ. గుమ్మంలో హీరో. అమ్మాయి మెట్ల దగ్గర రెయిలింగ్ పట్టుకుని నిలబడి ఉంటుంది. 3 నిమిషాల సీనులో ఆమె మొహం మీద 8, 9 క్లోజప్పులు పడతాయి, కళ్లలో నీళ్లు తిరుగుతాయి, వెనక వయొలిన్ వినిపిస్తుంది. ఆమె మాట్లాడేది మాత్రం ‘నాన్నా, ప్లీజ్’ వరకే. సవాలు, గడువు, షరతులు అన్నీ తండ్రీ హీరో మాట్లాడుకుంటారు. తెర మీద ఎంతసేపు ఉందని చూస్తే ఆమెది పెద్ద పాత్రే. కథలో మాత్రం ఆటలో అరటిపండు. అనుమానంగా ఉంటే ఆ డైలాగుల్లో అమ్మాయి ఉన్నచోటల్లా ‘ఊరవతల 2 ఎకరాల పొలం’ అని పెట్టి చదవండి. గొడవ అలాగే నడిచిందంటే ఆ సీనులో ఆమె మనిషిగా లేనట్టే.

అయితే బట్టలు అసలు లెక్కలోకి రావా?

వస్తాయి, కానీ మీరు అనుకునే పద్ధతిలో కాదు. చీర కట్టుకున్న పాత్రని గౌరవంగా చూపించినట్టు, షార్ట్స్ వేసుకున్న పాత్రని కించపరిచినట్టు ముందే అనుకుంటే లెక్క మొత్తం తప్పుతుంది. నిండుగా చీర కట్టించి, సినిమా అంతా చెంపదెబ్బలు తినిపించి, చివర్లో కాళ్లకి దండం పెట్టించిన పాత్రలు మనకి బోలెడు. బట్టల విషయంలో చూడాల్సింది సందర్భం. తెల్లవారుజామున మంచుకొండల మీద హీరో జాకెట్టూ మఫ్లరూ వేసుకుని, పక్కనే హీరోయిన్ పల్చటి జార్జెట్ చీరలో వణుకుతుంటే ఆ బట్టలు పాత్ర కోసం వేసినవి కావు.

బెక్డెల్ పరీక్ష అంటే ఏమిటి? మన సినిమాలకి పనికొస్తుందా?

అమెరికా కార్టూనిస్టు ఆలిసన్ బెక్డెల్ 1985లో వేసిన ఒక కామిక్ స్ట్రిప్‌లో వచ్చిన నియమం అది. ఆ ఆలోచన తన స్నేహితురాలు లిజ్ వాలెస్‌దని ఆమే చెప్పింది. షరతులు మూడు: సినిమాలో కనీసం ఇద్దరు ఆడవాళ్లు ఉండాలి, ఆ ఇద్దరూ ఒకరితో ఒకరు మాట్లాడుకోవాలి, ఆ మాటలు మగవాడి గురించి కాకుండా ఇంకేదైనా విషయం మీద ఉండాలి. పాత్రలకి పేర్లు ఉండాలన్న షరతు తర్వాత వచ్చి చేరింది.

ఇక్కడే మనకి చిక్కు. తెలుగిళ్లలో అత్తయ్య, వదిన, పిన్ని, పెద్దమ్మ అని పిలుస్తారు తప్ప పేరు పెట్టి పిలవడం తక్కువ. పేరు లేదని తీసేస్తే సగం పాత్రలు ఎగిరిపోతాయి. అందుకని వరసతో పిలిచినా, కనీసం రెండు సీన్లలో మాట్లాడితే ఆ పాత్రని లెక్కలో ఉంచండి. పేరు ఉందా, వరసేనా అన్నది మాత్రం పక్కన విడిగా రాసుకోండి. సినిమా అంతా మాట్లాడిన అమ్మ పాత్రకి చివరిదాకా పేరు లేదని తేలితే అది కూడా రాసుకోదగ్గ విషయమే.

పరీక్షకి ఇంకో పరిమితి కూడా ఉంది. పాలల్లో విషం కలపడం గురించి వంటింట్లో ఇద్దరు ఆడవాళ్లు గుసగుసలాడుకునే సీరియల్ ఎపిసోడ్ ఇందులో హాయిగా పాసవుతుంది. ఒంటరిగా సముద్రంలో చిక్కుకుపోయిన స్త్రీ కథ ఫెయిలవుతుంది. కాబట్టి ఒక్క సినిమా మీద తీర్పు చెప్పడానికి దీన్ని వాడకండి. ఒక ఏడాదిలో వచ్చిన 30, 40 సినిమాలకి వరసగా పెట్టి చూస్తే అప్పుడు ఏదైనా తెలుస్తుంది.

లెక్క ఎలా వేయాలి? సామాన్య ప్రేక్షకులు చేయగలరా?

చేయగలరు, కాస్త ఓపిక కావాలి. రెండున్నర గంటల సినిమాకి 5, 6 గంటలు పడుతుంది. ఓటీటీలో ఉన్న సినిమా అయితే మంచిది, కింద సమయం కనిపిస్తుంది. ఒక నోట్‌బుక్, ఫోన్‌లో స్టాప్‌వాచ్, ఇద్దరు మనుషులు ఉంటే చాలు.

పేజీలో ఆరు గడులు గీయండి: సమయం, ఎక్కడ జరుగుతోంది, సీనులో ఉన్న ఆడ పాత్రలు, మగ పాత్రలు, ఎవరు ఎన్ని సెకన్లు మాట్లాడారు, నిర్ణయం ఎవరిది. చివరి గడి కష్టం, అసలు విషయం ఉండేదీ అందులోనే. నిర్ణయం అంటే పెద్దదే కానక్కర్లేదు. ‘రేపు ఊరెళ్దాం’ అన్నది ఎవరు, సరే అన్నది ఎవరు, అడగకుండానే వెళ్లిపోయింది ఎవరు, ఇలాంటివే.

తప్పులు ఎక్కడ దొర్లుతాయో ముందే చెప్పుకుందాం. పాటల్ని డైలాగుతో కలిపేస్తే హీరోయిన్ వాటా ఉన్నట్టుండి పెరిగిపోతుంది. పాటలకి వేరే పేజీ పెట్టండి. వాయిస్ ఓవర్ మాట్లాడే మనిషి తెర మీద లేకపోయినా మాట్లాడినట్టే. సబ్‌టైటిల్ లైన్లు లెక్కపెట్టడం దగ్గరిదారిలా కనిపిస్తుంది కానీ ఇద్దరి మాటలు ఒకే లైనులో కలుస్తాయి, పాట సాహిత్యం కూడా అందులోనే ఉంటుంది. టీవీలో వచ్చే ప్రింటు వేరు, థియేటర్ ప్రింటు వేరు. ఏది చూశారో రాసుకోకపోతే ఇంకొకరి లెక్కతో పోల్చలేరు.

మొదటి 10 నిమిషాలు ఇద్దరూ ఒకరి కాగితం ఒకరు చూడకుండా విడివిడిగా లెక్కపెట్టండి. రెండు లెక్కల మధ్య తేడా పదో వంతు దాటితే, మీరు పెట్టుకున్న నియమాల్లోనే ఎక్కడో అస్పష్టత ఉంది. ముందు అది సరిచేసుకుని మళ్లీ మొదలుపెట్టండి.

పోల్చుకోవడానికి ప్రపంచ స్థాయిలో అంకెలు ఉన్నాయా?

2014లో తెర మీద ఆడవాళ్ల పాత్రల్ని అధ్యయనం చేసే అమెరికా సంస్థ గీనా డేవిస్ ఇన్‌స్టిట్యూట్, ఐక్యరాజ్యసమితి మహిళా విభాగం కలిసి విడుదల చేసిన అధ్యయనం ఉంది. 2010 నుంచి 2013 మధ్య వచ్చిన 120 సినిమాలు చూశారు. మాట్లాడే పాత్రల్లో ఆడవాళ్లు మొత్తం మీద 30.9 శాతం, భారతీయ సినిమాల్లో 24.9 శాతం. దాన్ని నేరుగా తెలుగు సినిమాకి అంటగట్టకండి. మన లెక్క మనమే వేసుకోవాలి.

పాటల్లో కెమెరా ఆడవాళ్లని వస్తువులా చూపిస్తుందంటారు. అది అభిప్రాయమా, చూపించగలిగిన విషయమా?

చూపించవచ్చు. బ్రిటన్‌కి చెందిన సినీ విమర్శకురాలు లారా మల్వీ 1975లో రాసిన వ్యాసంతో ‘మేల్ గేజ్’ అన్న మాట ప్రచారంలోకి వచ్చింది. తెర మీద చూసేవాడు మగవాడు, చూడబడేది ఆడది, ప్రేక్షకుడికి కూడా ఆ మగవాడి కళ్లే అరువిస్తారు అన్నది ఆమె వాదన. దాన్ని మీ ఇంట్లో టీవీ ముందే పరీక్షించొచ్చు.

ఏదైనా ఐటమ్ సాంగ్ తీసుకుని సౌండ్ పూర్తిగా తీసేయండి. పల్లవి దగ్గర ఒక్క నిమిషం ఎంచుకోండి. వేగాన్ని 0.5కి తగ్గించి, షాట్ మారినప్పుడల్లా ఒక గీత పెట్టండి. ప్రతి గీత పక్కన మూడింట్లో ఒకటి రాయండి: మొహం ఉంది, మొహం లేదు, మనిషి మొత్తం ఉంది. అదే పాటలో హీరో షాట్లకీ ఇదే చేయండి. మొహం లేకుండా నడుమో, తొడలో, వీపో మాత్రమే ఉన్న షాట్లు ఎవరికి ఎన్ని పడ్డాయో అంకెల్లో వస్తుంది. కెమెరా కింది నుంచి పైకి మెల్లగా పాకిందా, స్లో మోషన్ ఎక్కడ పెట్టారు, మధ్యలో చుట్టూ ఉన్న మగవాళ్ల మొహాలకి ఎన్నిసార్లు కట్ చేశారు అన్నవి కూడా గమనించండి. ఆ మగ మొహాలు ఊరికే పెట్టరు. ఎలా చూడాలో ప్రేక్షకుడికి నేర్పేది అవే.

సౌండ్ తీయమన్నది ఎందుకంటే, బీటు ఉంటే కట్లు కంటికి ఆనవు. కొరియోగ్రఫీ, ఎడిటింగ్ రెండూ బీటు మీదే కూర్చుంటాయి.

నాట్యం చేయడమే తప్పని దీని అర్థం కాదు. మనిషి మొత్తం ఫ్రేములో ఉండి, అడుగులు తెగకుండా కనిపించే పాటలో నర్తకి ప్రతిభ తెలుస్తుంది. ముక్కలు చేస్తే ఏమీ తెలియదు.

హీరో వెంటపడితేనే కదా ప్రేమకథ నడిచేది? అందులో తప్పేముంది?

కాదన్న తర్వాత కూడా వెంటపడటం మన చట్టంలో నేరం. 2013లో పాత శిక్షాస్మృతిలో 354డి సెక్షన్‌గా చేర్చారు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో అది 78వ సెక్షన్. ఆమె ఇష్టం లేదని స్పష్టంగా చెప్పాక కూడా పదేపదే వెంబడించడం, మాట కలపాలని చూడటం, ఫోన్‌లో, నెట్‌లో ఏం చేస్తోందో నిఘా పెట్టడం దీని కిందికి వస్తాయి. మొదటిసారి అయితే 3 ఏళ్ల వరకు, మళ్లీ చేస్తే 5 ఏళ్ల వరకు జైలు. హైదరాబాద్‌లో 2014 అక్టోబర్ 24 నుంచి షీ టీమ్స్ అనే పోలీసు బృందాలు బస్టాపుల్లో, కాలేజీల దగ్గర మఫ్టీలో తిరిగి పట్టుకుంటున్నది ఇలాంటి పనులు చేసేవాళ్లనే.

సినిమాలో దీన్ని చూపించకూడదని ఎవరూ అనరు. ఎలా ముగించారన్నదే చూడాలి. మూడు గమనించండి. ఆమె ‘వద్దు’ అన్నచోట నేపథ్య సంగీతం భయపెడుతోందా, గిలిగింతలు పెడుతోందా? హీరో పక్కన ఉండే కమెడియన్ ఆపుతున్నాడా, ఎగదోస్తున్నాడా? చివరికి ఆమె ఒప్పుకోవడానికి కారణం ఏమిటి? విసిగిపోయి ఒప్పుకున్నా, రౌడీల నుంచి కాపాడాడని ఒప్పుకున్నా, ఆమె కాదన్నా దాని అర్థం కాదని కాదు అన్న పాఠమే ప్రేక్షకుడికి అందుతుంది. హీరో సిగరెట్ వెలిగిస్తే తెర మూల హెచ్చరిక పడుతుంది. ఇక్కడ ఏమీ పడదు.

హీరోయిన్ గొంతు ఇంకొకరిది అయితే పాత్ర మీద ప్రభావం ఉంటుందా?

ఉంటుంది, ఇది ఎవరూ పెద్దగా పట్టించుకోని విషయం. తెలుగు రాని నటిని తీసుకుంటే సెట్‌లో ప్రాంప్టింగ్ మీద నడిపిస్తారు. అసిస్టెంట్ డైరెక్టర్ కెమెరా పక్కనుంచి మాట అందిస్తాడు, ఆమె పెదవులు కదుపుతుంది. పొడుగు వాక్యాలు కష్టం కాబట్టి డైలాగు పొట్టిదవుతుంది. క్లిష్టమైన మాటలున్నచోట షాట్ ఆమె వీపు వైపునుంచో, ఎదుటివాడి రియాక్షన్ మీదో పెడతారు. డబ్బింగ్ థియేటర్‌లో పెదవికి మాట సరిపోక ఇంకో రెండు పదాలు ఎగిరిపోతాయి. పాత్ర తెలివితక్కువగా తయారవడానికి రచయిత ఉద్దేశం కంటే ఈ పని పద్ధతే ఎక్కువ కారణమైన సందర్భాలు ఉంటాయి.

డబ్బింగ్ కళాకారిణులది గొప్ప నైపుణ్యం, అందులో సందేహం లేదు. చిక్కు ఎక్కడంటే, ఏ ఊరి అమ్మాయైనా అదే గొంతుతో, అదే పుస్తకాల తెలుగులో మాట్లాడుతుంది. తెలంగాణ యాస చాలాకాలం పనిమనిషికో, రౌడీకో, కామెడీకో కేటాయించేశారు. 2017లో వచ్చిన ‘ఫిదా’లో బాన్సువాడ అమ్మాయి పాత్ర మొదటి నుంచీ చివరిదాకా ఆ యాసలోనే మాట్లాడింది, నటించిన సాయి పల్లవే డబ్బింగ్ కూడా చెప్పుకుంది. ఆ పాత్ర అంతగా గుర్తుండిపోవడానికి అదొక కారణం. లెక్క వేసేటప్పుడు మీ పట్టికలో యాస కోసం ఒక గడి కలపండి. ఏ యాస ఏ పాత్రకి ఇచ్చారో చూస్తే కులమూ వర్గమూ ప్రాంతమూ అన్నీ అందులో బయటపడతాయి.

సీరియళ్లలో ఆడవాళ్లే ఎక్కువ కదా, ఇంకేం కావాలి?

తెర మీద ఎక్కువే. మాటలు కూడా వాళ్లవే ఎక్కువ. అయితే ఆ మాటలు దేని మీద? ఎవరి తాళి, ఎవరి కడుపు, ఎవరి ఆస్తి, ఎవరి మొగుడు. సెట్ హాలు, వంటిల్లు, పూజగది, మెట్లు దాటదు.

దీనికి కారణం ఒక్క భావజాలమే కాదు, పని పద్ధతి కూడా. అరగంట స్లాట్‌లో ప్రకటనలు పోగా 20, 22 నిమిషాల సరుకు రోజూ కావాలి. ఒకే ఇంట్లో షూటింగ్ పెడితే లొకేషన్ ఖర్చు, ప్రయాణం కలిసొస్తాయి. కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఒకరిది, మాటలు ఇంకొకరివి. సీను కాగితం ఒక్కోసారి మేకప్ అయ్యాక చేతికొస్తుంది. గురువారం రేటింగ్ వస్తుంది, పడిపోయిన ట్రాక్ మూసేసి పెరిగిన ట్రాక్ సాగదీస్తారు. కోడలికి ఉద్యోగం వచ్చిన వారం అంకె తగ్గి, చెంపదెబ్బ పడిన వారం పెరిగిందంటే ఉద్యోగం మాయమవుతుంది. ఆమె ఆఫీసుకి వెళ్తే కొత్త సెట్, కొత్త ఆర్టిస్టులు, కొత్త ఖర్చు అన్నది ఎటూ ఉంది.

ఒక్క ఎపిసోడ్ దగ్గర పెట్టుకుని చూడండి. ఎవరో ఒక మాట అంటారు. హాల్లో ఉన్న ఏడుగురి మొహాల మీదికీ కెమెరా మూడేసిసార్లు దూసుకెళ్తుంది, వెనక ధన్ ధన్ ధన్. ఆ ఏడు మొహాలకే నిమిషం దాటిపోతుంది. ఆ నిమిషం కోసం రాయాల్సిన డైలాగు సున్నా. విలన్ పాత్ర స్లీవ్‌లెస్ జాకెట్టు, మందంగా కాటుక, ఇంగ్లీషు ముక్కలు. మంచి కోడలు కాటన్ చీర, జడ, ఎర్ర బొట్టు. చదువుకున్నదై, గట్టిగా మాట్లాడేదై, సొంత డబ్బు ఉన్నదై ఉంటే ఆమే ఇల్లు కూల్చేది. రోజూ రాత్రి ఇంటిల్లిపాదీ చూసేది ఈ వేషధారణ పాఠమే.

సీరియల్‌లో లెక్క పెట్టాలంటే ఒక ఎపిసోడ్ చాలదు. వరసగా రెండు వారాలు చూసి, ఆడ పాత్రలు ఇంటి గేటు దాటిన సీన్లు ఎన్ని, వాటిలో గుడి, ఆసుపత్రి, పోలీస్ స్టేషన్ కాకుండా మిగిలినవి ఎన్ని అని రాసుకోండి.

కామెడీ షోల్లో మగవాళ్లు లేడీ గెటప్ వేస్తారు. అది కూడా ఇందులోకి వస్తుందా?

వస్తుంది. ఆడవేషం మన నాటక సంప్రదాయంలో గౌరవంగా ఉన్నదే, దాన్ని తప్పు పట్టనక్కర్లేదు. ఆ వేషాన్ని తన్నడం, తడమడం, ‘మొహం చూడు’ అనడం నవ్వుకి ఆధారమైతే ఆ జోకు ఎవరి మీదో ఆలోచించండి. వేసుకున్నది మగవాడు కాబట్టి కొట్టినా ఫర్వాలేదన్న చిన్న సందు అక్కడ దొరుకుతుంది.

డ్యాన్స్ షోల్లో చిన్న పిల్లల చేత పెద్దవాళ్ల పాటలకి స్టెప్పులేయిస్తున్నారు. నియమాలు లేవా?

ఉన్నాయి. పిల్లల్ని అసభ్యంగా, వయసుకి తగని కదలికలతో చూపించవద్దని కేంద్ర సమాచార ప్రసార శాఖ 2019 జూన్ 18న ప్రైవేటు ఛానళ్లకి సూచన జారీ చేసింది. టీవీ ప్రోగ్రామ్ కోడ్‌లో కూడా పిల్లల్ని కించపరిచే కార్యక్రమాలు కూడదని ఉంది.

పనిచేసే పిల్లల విషయంలో బాలకార్మిక చట్టం కింద 2017లో సవరించిన నియమాలు ఇంకా స్పష్టం. రోజుకి 5 గంటలు మించకూడదు, విరామం లేకుండా 3 గంటలు మించకూడదు. వరసగా 27 రోజులకి మించి పనిచేయించకూడదు. షూటింగ్ జరిగే జిల్లా కలెక్టర్ అనుమతి ముందే తీసుకోవాలి. ప్రతి ఐదుగురు పిల్లలకి బాధ్యత వహించే మనిషి ఒకరుండాలి. పిల్లల సంపాదనలో కనీసం 20 శాతం జాతీయం చేసిన బ్యాంకులో ఆ పాప లేదా బాబు పేరిట ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా నేరుగా పడాలి. ఇష్టం లేకుండా చేయించకూడదు.

మీ పాప ఆడిషన్‌కి వెళ్తుంటే కో-ఆర్డినేటర్‌ని అడగాల్సినవి ఇవే: కలెక్టర్ అనుమతి కాపీ, కాల్‌షీట్ వేళలు, డిపాజిట్ వివరాలు. పాట ముందే చెప్పమనండి. చరణంతో సహా సాహిత్యం చదివి ఒప్పుకోండి. సెట్‌లో మేకప్ అయ్యాక వద్దనడం తల్లిదండ్రులకి చాలా కష్టం, ఆ సంగతి అక్కడి వాళ్లకి బాగా తెలుసు.

వార్తా ఛానళ్ల సంగతి ఏమిటి?

లైంగిక దాడి బాధితురాలి పేరు, ఫొటో, గుర్తుపట్టే వివరాలు బయటపెట్టడం న్యాయ సంహిత 72వ సెక్షన్ ప్రకారం నేరం, 2 ఏళ్ల వరకు శిక్ష. బాధితురాలు 18 ఏళ్లలోపు అయితే పోక్సో (పిల్లల మీద లైంగిక నేరాల) చట్టం 23వ సెక్షన్ కూడా వర్తిస్తుంది. పేరు దాచి, వీధి, స్కూలు యూనిఫామ్, తండ్రి దుకాణం బోర్డు చూపించినా గుర్తు చెప్పినట్టే. 2019 నవంబర్‌లో శంషాబాద్ దగ్గర జరిగిన అత్యాచారం, హత్య కేసులో బాధితురాలి అసలు పేరూ ఫొటో అంతటా తిరిగిపోయాక గానీ ‘దిశ’ అని పిలవాలన్న మాట రాలేదు.

భాష కూడా చూడండి. ‘ప్రేమోన్మాది ఘాతుకం’ అంటే హత్యాయత్నానికి ప్రేమ రంగు పూసినట్టు. ‘ప్రేమను కాదన్నందుకు’ అని శీర్షిక పెడితే కారణం ఆమె వైపు జరిగిపోతుంది. ‘యువతిపై కత్తితో దాడి, నిందితుడి అరెస్టు’ అని రాస్తే సరిపోతుంది.

పాత సినిమాల్లో ఆడవాళ్లకి గౌరవం ఉండేది కదా?

కొన్నింట్లో. 1938లోనే గూడవల్లి రామబ్రహ్మం ‘మాలపిల్ల’ తీశారు, కాంచనమాల నటించింది. 1955 నాటి ‘మిస్సమ్మ’లో కథ మొదలయ్యేదే అప్పు తీర్చడానికి హీరోయిన్‌కి ఉద్యోగం కావాల్సి రావడంతో. సావిత్రి పాత్ర కోపం, మొండితనం, అవసరం అన్నీ కథని నడిపిస్తాయి. భానుమతి 1953లో ‘చండీరాణి’కి దర్శకత్వం వహించింది, విజయనిర్మల 44 సినిమాలు తీసి గిన్నిస్ పుస్తకంలోకి ఎక్కింది. అదే కాలంలో భర్త ఎంత కొట్టినా పాదపూజ చేసే ఇల్లాలి కథలూ ఆడాయి. గుర్తుండిపోయిన మంచి వాటిని మాత్రమే పక్కన పెట్టుకుని ఇప్పటి చెత్తతో పోల్చడం సరికాదు.

సెన్సార్ వాళ్లు ఇవన్నీ ఆపలేరా?

సినిమాటోగ్రాఫ్ చట్టం 1952 నాటిది. 1991 మార్గదర్శకాల్లో స్త్రీలని ఏ విధంగానైనా కించపరిచే సీన్లు ఉండకూడదని, లైంగిక హింస కథకి తప్పనిసరైతే అతి తక్కువకి కుదించి వివరాలు చూపకూడదని స్పష్టంగా ఉంది. 2024 నిబంధనల ప్రకారం బోర్డు సభ్యుల్లో మూడో వంతు స్త్రీలు తప్పనిసరి, సగం ఉంటే మేలు. యూఏ సర్టిఫికెట్ ఇప్పుడు 7+, 13+, 16+ అని మూడు రకాలు. ఇవి తల్లిదండ్రులకి సూచనలు మాత్రమే, థియేటర్ గేటు దగ్గర ఆపేది ‘ఏ’ సర్టిఫికెట్‌కే.

ఆచరణలో కత్తెర పడేది మాటకీ, కనిపించే శరీరానికీ. బూతు మ్యూట్ అవుతుంది, నడుము షాట్ రెండు సెకన్లు తగ్గుతుంది. రెండున్నర గంటల పాటు ఆమెకి నోరు లేకపోవడం ఏ కత్తెరకీ దొరకదు.

టీవీ కార్యక్రమం మీద ఫిర్యాదు ఎలా చేయాలి?

కేబుల్ టీవీ నియమాల్లో 6(1)(కె) స్త్రీని అసభ్యంగా, అవమానకరంగా చూపించడం గురించి. దాన్ని పేర్కొనండి. (అదే నియమం 6(2)లో స్త్రీలని ‘సౌమ్యత, నైతికత’ ఉన్న నాయకత్వ పాత్రల్లో చూపించాలని కూడా ఉంది. మంచి కోడలి మూసకి ప్రభుత్వ ముద్ర అన్నమాట.)

ముందు ఛానల్ వెబ్‌సైట్‌లో ఉండే ఫిర్యాదుల అధికారికి ఈమెయిల్ రాయాలి. 2021 జూన్ సవరణ ప్రకారం 24 గంటల్లో అందినట్టు చెప్పాలి, 15 రోజుల్లో జవాబివ్వాలి. తృప్తి లేకపోతే 15 రోజుల్లోపు ఆ ఛానల్ సభ్యత్వం ఉన్న స్వీయ నియంత్రణ సంస్థకి వెళ్లాలి. వినోద ఛానళ్లలో ఎక్కువ వాటికి అది బీసీసీసీ (బ్రాడ్‌కాస్టింగ్ కంటెంట్ కంప్లెయింట్స్ కౌన్సిల్), వార్తా ఛానళ్లలో కొన్నింటికి ఎన్‌బీడీఎస్ఏ (న్యూస్ బ్రాడ్‌కాస్టింగ్ అండ్ డిజిటల్ స్టాండర్డ్స్ అథారిటీ). వాళ్లు 60 రోజుల్లో తేల్చాలి. అక్కడా కాకపోతే కేంద్ర సమాచార ప్రసార శాఖ. ఓటీటీ అయితే ఐటీ నియమాలు 2021 కింద అందులోని గ్రీవెన్స్ అధికారికి రాయాలి, అక్కడా 15 రోజులే. ప్రకటనల మీద అయితే ముంబైలోని ఆస్కీకి, అంటే అడ్వర్టైజింగ్ స్టాండర్డ్స్ కౌన్సిల్‌కి రాయాలి (మన సోమాజిగూడ బెల్లావిస్టాలో ఉన్నది వేరే ఆస్కీ, అడ్మినిస్ట్రేటివ్ స్టాఫ్ కాలేజీ, అక్కడికి పంపకండి).

మెయిల్‌లో ఉండాల్సినవి: ఛానల్, కార్యక్రమం పేరు, తేదీ, ప్రసార సమయం, అభ్యంతరం ఉన్న నిమిషం, అన్న మాట ఉన్నదున్నట్టు, ఏ నియమానికి విరుద్ధం, మీరు కోరేది. కోరేది రాయకపోవడమే అందరూ చేసే తప్పు. క్షమాపణ స్క్రోలింగ్ కావాలా, ఆ భాగం యూట్యూబ్ నుంచి తీసేయాలా, రాత్రి 11 తర్వాతకి మార్చాలా అన్నది చెప్పండి. ‘మన సంస్కృతి నాశనమవుతోంది’ అని రెండు పేజీలు రాస్తే మర్యాదగా ధన్యవాదాలు చెప్పి మూసేస్తారు. ఎక్స్ (పాత ట్విట్టర్)లో ట్యాగ్ చేయడం ఫిర్యాదు కిందికి రాదు. ఛానళ్లు రికార్డింగులు 90 రోజులు దాచాలి కాబట్టి ఆలస్యం చేయకండి.

మహిళా కమిషన్‌కి రాయొచ్చా?

రాయొచ్చు. 2025 మార్చిలో తెలంగాణ రాష్ట్ర మహిళా కమిషన్ సినిమా పాటల్లో అసభ్యకరమైన స్టెప్పుల మీద దర్శకులు, నిర్మాతలు, కొరియోగ్రాఫర్లని హెచ్చరించింది. ఒకే పాట మీద ఎక్కువమంది విడివిడిగా రాస్తే కదలిక ఉంటుంది. స్టెప్పుల మీద వచ్చినంత చప్పుడు కథల మీద రాకపోవడం మాత్రం గమనించాల్సిందే.

ఎనిమిది, తొమ్మిది తరగతుల పిల్లలతో క్లాసులో ఎలా మాట్లాడాలి?

40 నిమిషాల పీరియడ్‌కి 3 నిమిషాల క్లిప్ ఒక్కటే. మొదటిసారి సౌండ్ లేకుండా చూపించి, ఎవరు ముఖ్యమో రాయమనండి. రెండోసారి తెర ఆపి సౌండ్ మాత్రమే వినిపించండి. రెండు కాగితాలూ కలవవు, చర్చ అక్కణ్నుంచి దానంతటదే మొదలవుతుంది. తర్వాత అవే డైలాగులు అమ్మాయి మాటలు అబ్బాయి చేత, అబ్బాయి మాటలు అమ్మాయి చేత చదివించండి. క్లాసు ఎక్కడ నవ్విందో బోర్డు మీద రాసి, ఎందుకు నవ్వొచ్చిందో అడగండి.

ఈ ఏడాది హిట్టయిన స్టార్ సినిమా వద్దు. అభిమానులు కోర్టులో లాయర్లలా తయారవుతారు, పీరియడ్ అయిపోతుంది. దాడి సీన్లు అసలు చూపించకండి. క్లాసులో ఎవరికి ఏ అనుభవం ఉందో మనకి తెలియదు. మగపిల్లల్ని ముద్దాయిల్లా నిలబెట్టకండి. ఏడవకూడదు, భయపడకూడదు అని సినిమా మగపిల్లలకి చెప్పే మాటలు కూడా అదే క్లిప్‌లో దొరుకుతాయి, వాటి గురించీ అడగండి.

షార్ట్ ఫిల్మ్ తీస్తున్నాం. స్క్రిప్ట్ దశలో ఏం సరిచూసుకోవాలి?

పాత్ర పరిచయ వాక్యం నుంచి మొదలుపెట్టండి. అతనికి ‘28, బ్యాంకులో లోన్ రికవరీ, ఎవరినీ నమ్మడు’ అని రాసి, ఆమెకి ‘22, అందంగా ఉంటుంది’ అని రాసి ఉంటే ఆ స్క్రిప్ట్‌లో ఆమెకి చేయడానికి ఏమీ ఉండదు. అందం కొట్టేసి, పని రాయండి. పని అంటే హోదా కాదు, చేతుల్తో ఏం చేస్తుందన్నది. ‘సాఫ్ట్‌వేర్’ చాలదు. రాత్రి 2 గంటలకి మాదాపూర్‌లో సర్వర్ పడిపోయిందని ఫోనొస్తే లేచి ల్యాప్‌టాప్ తెరిచే మనిషి అంటే ఒక సీను పుడుతుంది.

తర్వాత చిన్న పాత్రల జాబితా తీయండి. ఎస్సై, డాక్టరు, బ్యాంకు మేనేజరు, ఆటో డ్రైవరు, అపార్ట్‌మెంట్ సెక్రటరీ. డైలాగు ఒక్క అక్షరం మార్చకుండా సగం పేర్లు ఆడవాళ్లవి చేయండి. కథకి ఏ నష్టమూ ఉండదు, ఖర్చూ పెరగదు. జూనియర్ ఆర్టిస్టుల్ని పంపే ఏజెంటుకి ‘20 మంది’ అంటే మగవాళ్లు ఎక్కువ వస్తారు. ‘10 మంది ఆడవాళ్లు, 10 మంది మగవాళ్లు’ అని విడగొట్టి చెప్పండి, బట్టలు మార్చుకునే గదీ టాయిలెట్టూ ముందే చూసుకోండి, పేకప్ రాత్రయితే ఇంటికి చేర్చే బండి మాట్లాడండి.

దాడి సీను తప్పదనుకుంటే దాడి మీద కాకుండా తర్వాతి ఉదయం మీద సీను రాయండి. ఏ గదిలో కూర్చుంది, ఎవరికి ఫోన్ చేసింది, ఎఫ్ఐఆర్ రాసే రైటర్ ఏం అడిగాడు. ఆ సీనుకి నటికి ముందే కాగితం ఇచ్చి, ప్రతి స్పర్శా రిహార్సల్‌లో ఒప్పుకున్నాకే చేయాలి, సెట్‌లో అవసరమైన వాళ్లు తప్ప ఎవరూ ఉండకూడదు.

హైదరాబాద్‌లో దీని మీద చదవడానికీ, నలుగురితో కలిసి చూడటానికీ చోట్లు ఉన్నాయా?

1985లో మొదలైన అన్వేషి మహిళా అధ్యయన కేంద్రంలో గ్రంథాలయం ఉంది. బాగ్‌లింగంపల్లి సుందరయ్య విజ్ఞాన కేంద్రంలో పాత తెలుగు పత్రికలు దొరుకుతాయి, సినిమా పేజీల్లో అప్పటి పాఠకుల ఉత్తరాలు చూడండి. ప్రదర్శన పెట్టుకోవాలంటే బంజారాహిల్స్‌లోని లామకాన్‌ని అడగొచ్చు. సినిమా వేసే ముందు నిర్మాత దగ్గర లిఖితపూర్వకంగా అనుమతి తీసుకోండి, ఓటీటీ ఖాతాతో బహిరంగ ప్రదర్శన వేయకూడదు.